కాలాన్ని సరిదిద్దే గంట

గంట మోగించి కాలాన్ని ఆపే మాంత్రికుల కథలు మీరు చదివే ఉంటారు. నిజానికి కాలాన్ని ఆపటం ఎవరి తరమూ కాదు. కాని గంట మోత విని, దారి తప్పిన గడియారాన్ని సరిదిద్దే పనివాళ్ళు ఉన్నారు. వారు పనిచేసే చోటు లండను నగరంలో, థేమ్సు నది ఒడ్డున ఉన్నది. పదండి, చూసి వద్దాం.

వంతెన మీద నిలబడితే ఎదురుగా పార్లమెంటు భవనమూ, దాని ఒక కొసన 96 మీటర్ల ఎత్తు గల గడియారపు గోపురమూ కనిపిస్తాయి. అందరూ దీనిని బిగ్ బెన్ అంటారు. అసలు ఆ పేరు గోపురానిది కాదు, పైన వేలాడే పెద్ద గంటది. గోపురాన్ని 2012 నుంచి ఎలిజబెత్ టవర్ అని పిలుస్తున్నారు.

1834లో పాత పార్లమెంటు భవనం అగ్నికి ఆహుతి అయింది. కొత్త భవనానికి ఒక గొప్ప గడియారం ఉండాలని పెద్దలు నిశ్చయించారు. అప్పుడు జార్జి ఐరీ అనే ఖగోళ శాస్త్రజ్ఞుడు ఒక షరతు పెట్టాడు: గంట మీద పడే మొదటి దెబ్బకూ, సరి అయిన వేళకూ ఒక్క సెకనుకు మించి తేడా రాకూడదు! ఊళ్ళోవాళ్ళందరూ ఆ మోత విని తమ గడియారాలు దిద్దుకుంటారు. పెద్ద గడియారమే తప్పితే ఇక ఎవరిని నమ్మాలి?

అంత పెద్ద గడియారానికి అది సాధ్యం కాదన్నారు నిపుణులు. ఆరుబయట ఉండే ముళ్ళను గాలి తోస్తుంది, వాటి మీద మంచు పేరుకుంటుంది. చివరకు ఎడ్మండ్ డెనిసన్ అనే న్యాయవాది ఉపాయం కనిపెట్టాడు. ముళ్ళకు తగిలే తోపు లోలకం దాకా పోకుండా, మధ్యలోనే ఆగిపోయే ఏర్పాటు చేశాడు. 1859 మే 31న గడియారం నడక మొదలుపెట్టింది.

ఇప్పుడు మెట్లు ఎక్కుదాం. గంట దగ్గరకు చేరాలంటే 334 మెట్లు ఎక్కాలి! దారిలో గడియారపు యంత్రం వస్తుంది. దాని లోలకం 4.4 మీటర్ల పొడుగు, 310 కిలోల బరువు. రెండు సెకన్లకు ఒకసారి "టక్" మంటుంది. లోలకం మీద ఏమిటో చిల్లర డబ్బులు పేర్చి ఉన్నాయి! ఎవరైనా మరిచిపోయారా? కాదు, అవే ఇక్కడి మందు. గడియారం వెనకబడితే పనివాడు ఒక పాత పెన్నీ నాణెం అక్కడ పెడతాడు. దానితో గడియారం రోజుకు 0.4 సెకను వేగం పుంజుకుంటుంది. ముందుకు పోతుంటే ఒక నాణెం తీసేస్తాడు.

ఒక్క నాణేనికి అంత శక్తి ఎక్కడిది? ఉయ్యాల బల్ల మీద ఒకసారి కూర్చుని, ఒకసారి నిలబడి ఊగి చూడండి. నిలబడినప్పుడు మీ బరువు పైకి జరుగుతుంది, ఉయ్యాల కాస్త త్వరత్వరగా ఊగుతుంది. పైన పెట్టిన నాణెం కూడా లోలకం బరువును రవంత పైకి జరుపుతుంది. అంతే!

మరి గడియారం తప్పినట్టు తెలిసేది ఎలా? ముళ్ళను చూసి కాదు. గంట మీద మొదటి దెబ్బ ఎప్పుడు పడిందో విని, దానిని సరి అయిన వేళతో పోల్చి చూస్తారు.

అదుగో, ఆ గంట! బరువు 13.7 టన్నులు. దీనికన్నా ముందు పోసిన గంట 1857లో పరీక్షలోనే పగిలింది. దానిని కరిగించి, 1858లో ఈ గంట పోశారు. పదహారు గుర్రాలు దీనిని బండి మీద లాక్కువచ్చాయి. 1859 జులైలో మోగింది. సెప్టెంబరులో ఇదీ పగిలింది! సుత్తి మరీ బరువైనదని తేలింది.

మన ఇళ్ళలో పెద్దవాళ్ళు కుండ కొనేటప్పుడు వేలితో కొట్టి చూస్తారు. ఖంగుమంటే మంచిది, బొద్దుగా పలికితే పగిలినది. పగిలిన కుండను వదిలేసి ఇంకొకటి తెచ్చుకోవచ్చు. ఈ గంటను వదిలేస్తే ఎలా? నాలుగేళ్ళపాటు పెద్ద గంట మూగపోయింది. దాని పని పక్కనున్న చిన్న గంట చేసింది. అప్పుడు ఐరీయే ఉపాయం చెప్పాడు: గంటను కొంచెం తిప్పి, దెబ్బ పగులు లేని చోట పడేట్టు చెయ్యండి, తేలిక సుత్తి పెట్టండి. పగులు పాకకుండా అక్కడ చిన్న చదరపు ముక్క కోసి తీశారు. గంటకు మళ్ళీ గొంతు వచ్చింది. ఆ పగులు ఇప్పటికీ ఉన్నది. ఆ గొంతులోని కాస్త వింత జీర పగులు పెట్టిన భిక్షే!

1923 డిసెంబరు 31 అర్ధరాత్రి ఈ మోతను మొదటిసారి రేడియోలో వినిపించారు. దానితో ఒక విచిత్రం జరిగింది. ధ్వని గాలిలో సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది. రేడియో తరంగం మూడు లక్షల కిలోమీటర్లు పోతుంది. అందుచేత గోపురానికి 340 మీటర్ల దూరంలో నడిచేవాడు మోత ఒక సెకను ఆలస్యంగా వింటాడు. వందల మైళ్ళ అవతల ఆనాటి రేడియో ముందు కూర్చున్నవాడు వాడికంటే ముందే వినేవాడు!

2017లో పెద్ద మరమ్మతు కోసం ఈ గంటను ఆపారు. 2022 నవంబరు 13 నుంచి మళ్ళీ వేళవేళకూ మోగుతున్నది. ఆ మరమ్మతుకు ఎన్నో ఏళ్ళూ, ఎందరో మనుషులూ కావలసి వచ్చింది. రోజువారీ దిద్దుబాటుకు మాత్రం మంచి చెవీ, ఒక పాత నాణెమూ చాలు.

మీరూ ఒక పని చెయ్యండి. ఒక మీటరు పొడుగు దారానికి చిన్న రాయి కట్టి, మెల్లగా ఊపండి. రాయి ఇటునుంచి అటు పోవటానికి సుమారు ఒక సెకను పడుతుంది. దారాన్ని పొట్టి చేసి మళ్ళీ లెక్క పెట్టండి. కాలాన్ని దిద్దే విద్యలో మొదటి పాఠం మీ చేతికే వస్తుంది.