చైనాలో నల్లగొండ పాదాలు

పాదుకల కోసం దూరం వెళ్ళిన మొదటివాడు భరతుడు. ఆయనకు కొలతల బాధ లేదు. తెచ్చుకున్నది తొడుక్కోవడానికి కాదు గదా, సింహాసనం మీద పెట్టుకోవడానికి. మా బామ్మర్దికి ఆ సౌకర్యం లేదు. అతను తెచ్చిన బూట్లు జనం తొడుక్కోవాలి, తొడుక్కుని పరుగెత్తాలి. అందుకని 2019 మే నెలలో అతను చైనా ప్రయాణం కట్టాడు. కాలేజీకి సెలవులు గనుక నన్నూ వెంటబెట్టుకున్నాడు. నేను పక్కనుంటే ఇంగ్లీషుకు ఢోకా లేదని అతని నమ్మకం. తెలుగు ఎమ్మే చదివినవాడి ఇంగ్లీషు మీద అంత నమ్మకం మా ప్రిన్సిపాలుకు కూడా లేదు.

నేను పాఠాలు చెప్పేది మహబూబ్‌నగర్‌లో. అత్తవారి ఊరు నల్లగొండ. జడ్చర్ల, కల్వకుర్తి, దేవరకొండల మీదుగా బస్సులో ఆ దారి ఎన్నిసార్లు తిరిగానో లెక్క లేదు. ఎర్ర చెలకలు, మందలోంచి తప్పిపోయి వచ్చి పడుకున్న ఏనుగుల్లా నల్లగుండ్లు, తాటిచెట్లు, నల్లగొండ దగ్గరపడేకొద్దీ బత్తాయి తోటలు. నేల అందంగానే ఉంటుంది, బస్సులోంచి చూస్తే. దిగి నడిస్తే పల్లేరుకాయలూ తుమ్మముళ్ళూ పలకరిస్తాయి. ఈ నేల మీద చెప్పులు లేకుండా పెరిగినవాడి పాదం ఎలాంటిదన్న ఆలోచన నాకు నలభై ఏళ్ళు వచ్చేదాకా రాలేదు. వచ్చింది కూడా బామ్మర్ది దుకాణంలోనే.

నల్లగొండ గడియారం సెంటర్‌కు కాస్త ఎడంగా అతనిది టోకు చెప్పుల కొట్టు. చుట్టుపక్కల మండలాల నుంచి చిల్లర దుకాణాలవాళ్ళు వచ్చి పెట్టెలకు పెట్టెలు ఎత్తుకుపోతారు. మా చిన్నతనంలో పరుగు బూట్లంటే బడి డ్రిల్లుకు తెల్ల కాన్వాసువి, సున్నపుముక్కతో రుద్దుకునేవాళ్ళం. ఇప్పుడు సంగతి వేరు. పోలీసు కొలువుకు, పట్టాలం కొలువుకు పరుగు కావాలి. తెల్లవారుజామున మేకల అభినవ్ స్టేడియం వైపు వెళ్ళిచూడండి, చీకట్లో అడుగుల చప్పుడు ముందు వినపడుతుంది, మనుషులు తర్వాత కనబడతారు. 2022 నోటిఫికేషన్ నాటికి తెలంగాణలో మగపిల్లలు 1,600 మీటర్లు 7 నిమిషాల 15 సెకన్లలో, ఆడపిల్లలు 800 మీటర్లు 5 నిమిషాల 20 సెకన్లలో పరుగెత్తాలన్నారు. ఒక్క సెకను మీద ఒక కుటుంబం బతుకు ఆధారపడే పరుగు అది.

మేము బయల్దేరడానికి ముందటి ఏడు బామ్మర్ది హైదరాబాదులో ఒక దిగుమతిదారు దగ్గర వంద పెట్టెల విదేశీ బూట్లు కొన్నాడు. చూడ ముచ్చటైన సరుకు. అమ్మిన నెలకే తిరిగి రావడం మొదలుపెట్టింది. "సేటూ, పొడుగు సరిపోయింది, ముందట పట్టేస్తున్నది" అని అందరిదీ ఒకటే మాట. పెద్ద సైజు ఇస్తే వెనక మడమ జారుతుంది. దేవరకొండ వైపు తండా కుర్రాడొకడు బూట్లు చేత పట్టుకుని వచ్చాడు. పరుగు సగంలో విప్పి పారేసి వట్టి కాళ్ళతో పూర్తి చేశాడట. సెలెక్టు కాలేదు. డబ్బు తిరిగి ఇమ్మని అడగలేదు. "గీ బూట్లు ఇంకొకరికి అమ్మకు అన్నా" అని మాత్రం చెప్పి వెళ్ళిపోయాడు.

ఆ మాట మా బామ్మర్దిని కుదురుగా ఉండనివ్వలేదు. మర్నాటి నుంచి స్టేడియం గేటు దగ్గర పాత వారపత్రికల కాగితాలు పరిచి, పరుగు ముగించిన కుర్రాళ్ళను నిలబెట్టి, పెన్సిలుతో పాదాల చుట్టూ గీతలు గీయడం మొదలుపెట్టాడు. జనం పిచ్చివాడనుకున్నారు. మా ఆవిడ కూడా కొంత అనుకుంది. రెండు నెలల్లో నూట ఎనభై పాదాలు పోగయ్యాయి. పాలమూరులో మా కాలేజీ పిల్లలవి నలభై నేనే గీసి ఇచ్చాను. విద్యార్థుల పాదాల దగ్గర కూర్చున్న లెక్చరర్‌ని చూసి స్టాఫ్‌రూములో వారం రోజులు నవ్వుకున్నారు.

"తడ దగ్గర మనవాళ్ళే చేస్తున్నారు గదా, అక్కడ కొనరాదా?" అని పాఠకులు అడగవచ్చు. నేనూ అడిగాను. తడ మండలం మాంబట్టులో తైవాన్‌వారి అపాచీ కార్ఖానాలో 2006 నుంచి అడిడాస్ బూట్లు తయారవుతున్నాయి. వేలమంది తెలుగు ఆడపిల్లల చేతి పని. కాని అది ఆ కంపెనీ కోసమే కుట్టే కార్ఖానా, నల్లగొండ సేటు వెళ్ళి వంద పెట్టెలు కట్టమంటే కట్టరు.

సరే, గ్వాంగ్‌జౌ. 1957 నుంచి ఏటా వసంతకాలంలో ఒకసారి, శరత్కాలంలో ఒకసారి జరిగే మహాసంత అక్కడిది. కాంటన్ ఫెయిర్ అంటారు. మూడు విడతల్లో జరుగుతుంది, పాదరక్షలది మూడో విడత. మన మన్యంకొండ జాతర, చెరువుగట్టు జాతర రెండూ కలిపి ఒక పైకప్పు కింద పెడితే ఎలా ఉంటుందో ఊహించుకోండి. దుమ్ము మాత్రం ఉండదు. అటుకుల చుడువా, మామిడికాయ తొక్కు సంచిలో పెట్టుకుని ఉదయం నుంచి సాయంత్రం దాకా బూట్ల వరసల మధ్య తిరిగాం. సాయంత్రానికి నా చెప్పు తెగింది. పదివేల జతల బూట్ల మధ్య తెగిన చెప్పుతో కుంటుకుంటూ నడిచిన గౌరవం నాకు దక్కింది.

కొనేవాడికి అక్కడ తెలిసేది ఏమంటే, బూటు పుట్టేది తోలులోనో గుడ్డలోనో కాదు, అచ్చులో. పాదం ఆకారంలో ఉండే ఆ అచ్చును ఇంగ్లీషులో లాస్ట్ అంటారు. దాని మీద పైభాగాన్ని లాగి బిగించి, కింద అట్ట అంటిస్తారు. అట్ట పోతపోసే మూస వేరు, అది సైజుకొకటి. అచ్చు వెడల్పు చేస్తే మూసలన్నీ మార్చాలి. మూసల ఖర్చు భరించేవాడు వేల జతలు కొనాలి. అందుకే, "ఉన్న నమూనాలో రంగు మార్చుకో, పేరు మార్చుకో, వెడల్పు మాత్రం అడగకు" అన్నది అక్కడి ధర్మం. సైజు నంబరు పొడుగునే చెబుతుంది. ఇంగ్లీషు నంబరుకు నంబరుకు మధ్య తేడా అంగుళంలో మూడోవంతు, అంటే వాళ్ళ లెక్కలో ఒక బార్లీ గింజ. మన శాస్త్రాల్లోనూ ఎనిమిది యవలు ఒక అంగుళమన్నారు. అన్ని దేశాల్లోనూ కొలత గింజ దగ్గరే మొదలైందన్నమాట. కాని అడ్డకొలత ఏ గింజకూ అందలేదు.

నాలుగు రోజులు తిరిగినా ప్రతి దుకాణంలోనూ ఒకటే జవాబు. కాగితాల చుట్ట విప్పబోతే నవ్వి, ధరల పట్టీ చేతిలో పెట్టేవారు. ఇంటి స్థలం కాగితాలు బ్యాంకులో పెట్టి వచ్చిన బామ్మర్ది ఐదోనాటికి మాట తగ్గించాడు. "బావా, వచ్చినం గదా, ఏదో ఒకటి కొని పోదామా?" అన్నాడు. నేను ఔనన్నానో కాదన్నానో ఇప్పుడు గుర్తులేదు. మర్నాడు మాత్రం జిన్‌జియాంగ్ రైలెక్కాం.

జిన్‌జియాంగ్ ఫుజియాన్ రాష్ట్రంలో సముద్రపు దాపునున్న పట్టణం. దాని పక్కనే చెన్‌దాయ్ అని ఒక పేట. 1980లలో ఇళ్ళలో కుట్టుమిషన్లు పెట్టుకుని బూట్లు మొదలుపెట్టిన కుటుంబాలవి. 1991లో మొదలైన ఆంటా కంపెనీ ఈ ఊరిదే. వీధి పొడుగునా దుకాణాలు. ఒక దాంట్లో లేసులు, ఒక దాంట్లో అట్టలు, ఒక దాంట్లో ఒట్టి జిగురే. సిరిసిల్ల నేత పేటలో సాంచాల చప్పుడు విన్నవారికి ఆ ఊరి చప్పుడు అర్థమవుతుంది.

మేము వెళ్ళిన కార్ఖానా యజమానికి అరవై దాటి ఉంటాయి. ఇంగ్లీషు రాదు. మనవరాలు దుబాసీ. బామ్మర్ది మాట్లాడకుండా కాగితాల చుట్ట విప్పి బల్లమీద పరిచాడు. పాత సీరియల్ బొమ్మల మీద, వంటల శీర్షికల మీద నల్లగొండ పాదాలు. వేళ్ళు విసనకర్రలా విచ్చుకున్నవి, చిటికెనవేలు విడిగా నిలబడ్డవి. ముసలాయన కళ్ళద్దాలు పెట్టుకుని ఒక్కొక్కటే చూశాడు. చివరికి తన బూటు విప్పి, మేజోడు విప్పి, ఒక కాగితం మీద కాలు పెట్టాడు. గీత లోపల సరిగ్గా ఇమిడింది. ఆయన ఏదో అన్నాడు; మనవరాలు చెప్పింది: "తాతయ్య పదమూడేళ్ళు వచ్చేదాకా చెప్పులు వేసుకోలేదట. బురదలో తిరిగేవాడట."

లోపలినుంచి పాత మూసల వరస ఒకటి తెప్పించారు. ఎప్పుడో ఎవరికోసమో వెడల్పుగా పోయించినవి, అడిగేవారు లేక పడివున్నాయి. జతకు నలభై సెంట్లు ఎక్కువ. ఇరవై అడుగుల కంటెయినర్‌కు 2,400 జతలు, పెట్టెకు పన్నెండు, అందులో ఆరు నుంచి పది నంబర్లు 1, 3, 4, 3, 1 చొప్పున. మూడోవంతుకు కాస్త తక్కువ ముందు, మిగతాది ఓడ కాగితాలు చూపించాక. బేరం కుదిరిందనుకుంటుంటే బామ్మర్ది అడ్డం తిరిగాడు. "మా దగ్గర ఎండకాలం జిగురు ఇడుస్తది, అడుగు బావా." అడిగాను. జిగురు ఆరబెట్టే వేడిపెట్టెలో ఒక జత పెట్టి, గంటసేపు ఉంచి తీసి, ముసలాయనా బామ్మర్దీ చెరో వైపు పట్టి లాగారు. ఇద్దరూ ఒగర్చారు గాని అట్ట ఊడలేదు. అందరం నవ్వాం.

మర్నాడు పక్కనే ఉన్న క్వాన్‌జౌ చూడమని పంపారు. మార్కోపోలో జైతూన్ అన్న రేవు అదే. ఆ ఊళ్ళో దొరికిన ఒక రాయి మీద 1281 నాటి తమిళ శాసనం ఉంది. అప్పటి దక్షిణాది వర్తకులు అక్కడ శివుడికి గుడి కట్టుకున్నారు. కైయువాన్ బౌద్ధాలయం వెనక రెండు స్తంభాల మీద నరసింహమూర్తిని చూసి నేను చాలాసేపు నిలబడిపోయాను. ఆ శాసనానికి నలభై ఏళ్ళ లోపే ముందు, 1244లో, కాకతి గణపతిదేవుడు మన మోటుపల్లి రేవులో అభయశాసనం వేయించాడు. తుఫానుకు ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల సరుకును రాజులు కాజేసేవారనీ, తాను ముప్ఫయ్యోవంతు సుంకం తప్ప మరేమీ ముట్టననీ. క్లాసులో ఆ శాసనం ఎన్నిసార్లు చెప్పానో! సుంకమంటే ఏమిటో మాత్రం ఆ ఏడాదే తెలిసింది: పాదరక్షల మీద అప్పుడు మన దేశంలో మూల సుంకం నూటికి 25.

ఆ శరత్కాలంలో సరుకు వచ్చింది. ఓడ దిగి, చివరికి చేరిన చోటు ఏదనుకున్నారు? తిమ్మాపూర్, కొత్తూరు మండలం. 2016 దాకా మహబూబ్‌నగర్ జిల్లాలోదే. కర్నూలు రైలుమార్గం పక్కన, జొన్నచేల మధ్య కంటెయినర్ల డిపో. సముద్రం చూడని పాలమూరు నేల మీద ఓడ పెట్టెలు వరసగా పేర్చి ఉంటాయి. మహబూబ్‌నగర్ నుంచి నేను బస్సులో వెళ్ళాను, అతను నల్లగొండ నుంచి లారీతో వచ్చాడు. సీలు తెంచి తలుపు తీయగానే కొత్త జిగురు వాసన గుప్పుమంది. లారీ క్లీనరు కుర్రాడు వట్టి కాళ్ళతో నిలబడి చూస్తున్నాడు. బామ్మర్ది మొదటి పెట్టె విప్పి, ఎనిమిదో నంబరు అతనికే ఇచ్చాడు. వాడు తొడుక్కుని, వేళ్ళు లోపల కదిలించి చూసుకుని, డిపో గేటు దాకా పరుగెత్తి వచ్చాడు. బామ్మర్ది ఏమీ అడగలేదు. బూటు ముందుభాగం బొటనవేలితో నొక్కి చూశాడంతే.

సంక్రాంతికల్లా సరుకు అయిపోయింది. ఆ ఉత్సాహంతో జనవరిలో రెండింతలకు అడ్వాన్సు పంపాడు. 2020 ఫిబ్రవరి బడ్జెట్‌లో సుంకం 25 నుంచి 35కు ఎక్కింది. ఈలోగా కరోనా వచ్చింది. సరుకు ఎండాకాలం దాటాక చేరింది. స్టేడియాలకు తాళాలు, బళ్ళకు తాళాలు. రెండేళ్ళు అమ్మాడు, కొంత కొన్నవెలకు, కొంత అంతకంటె తక్కువకు. ఇంటి స్థలం పోయింది. గణపతిదేవుడి మాట ఎత్తితే ఇప్పటికీ నవ్వుతాడు, కాని మునుపటి నవ్వు కాదు.

వెడల్పు సంగతి మాత్రం అతను చెప్పిందే నిజమైంది. చెప్పులు లేకుండా పెరిగినవారి పాదం ముందుభాగం వెడల్పుగా ఉంటుందని బెల్జియం శాస్త్రజ్ఞులు దక్షిణ భారతీయుల పాదాలు కొలిచి 2009లోనే రాశారు. మద్రాసు తోలు పరిశోధనశాల వారు 2021 డిసెంబరు నుంచి నాలుగు నెలలపాటు 79 చోట్ల లక్షమందికి పైగా పాదాలు కొలిచి, మనవి వెడల్పు పాదాలనీ, మనకు వేరే కొలతలు కావాలనీ తేల్చారు. ఆ కొలతలకు 'భా' అని పేరు పెట్టారు. ఆ వార్త పత్రికలో చూసి కత్తిరించి నల్లగొండకు పంపాను. "నావి నూట ఎనభై, నీవి నలభై కలిపిండ్రా బావా?" అని ఫోను చేశాడు.

2023 నుంచి వరసగా వచ్చిన ఉత్తర్వులతో పాదరక్షలకు బీఐఎస్ ముద్ర తప్పనిసరి అయింది. విదేశపు కార్ఖానా కూడా ఆ లైసెన్సు తీసుకోవాలి. జిన్‌జియాంగ్ ముసలాయన తీసుకోలేదు. నల్లగొండ సేటు ఒక్కడి కోసం ఎందుకు తీసుకుంటాడు? బామ్మర్ది ఇప్పుడు హర్యానాలోని బహదూర్‌గఢ్ వెళుతున్నాడు, అక్కడా బూట్ల కార్ఖానాలు బారులు తీరి ఉన్నాయి. పోయిన నెల అక్కణ్ణించి ఫోను చేశాడు.

"ఏమంటున్నారు?" అన్నాను.

"రంగు మార్చుకోమంటున్నరు, పేరు మార్చుకోమంటున్నరు" అన్నాడు. వెనకనుంచి కాగితాలు విప్పుతున్న చప్పుడు వినిపించింది.