‘తమ్ముడు’ ఇంకా ఎందుకు చూస్తున్నాం?

1999 జూలైలో వచ్చిన ‘తమ్ముడు’ని 2024లో మళ్ళీ విడుదల చేస్తే జనం మళ్ళీ వెళ్ళారు. పవన్ కళ్యాణ్ మీద అభిమానం అని ఒక్క మాటలో తేల్చేయొచ్చు. అభిమానం ఉంది, కాదనను. రమణ గోగుల పాటలూ ఉన్నాయి. కానీ అభిమానమే కారణమైతే ఆ హీరో సినిమాలన్నీ ఇలాగే నిలబడాలి కదా!

‘జో జీతా వహీ సికందర్’ (1992) కథే కదా అంటారు కొందరు. నిజమే. అక్కడ సైకిల్ పందెం, ఇక్కడ కిక్ బాక్సింగ్. ఆ మాటకొస్తే దర్శకుడు అరుణ్ ప్రసాదే 2001లో విజయ్‌తో తమిళంలో ‘బద్రి’ తీశాడు. అదే ఏడాది కన్నడంలో పూరి జగన్నాథ్ ‘యువరాజ’ తీశాడు. ఇన్ని భాషలు తిరిగిందంటే కథలోనే ఏదో ఉంది.

నన్నడిగితే ఆ కథ మా పల్నాడు వాళ్ళకి ఎప్పట్నుంచో తెలుసు. బాలచంద్రుడు గుర్తున్నాడా? ఇంట్లో మాంచాలని వదిలేసి శ్యామాంగి చుట్టూ తిరిగిన కుర్రాడు. యుద్ధం నెత్తిమీదికొచ్చాక భార్య దగ్గరికొస్తే, ఆవిడే సాగనంపింది. సుబ్బు కూడా అంతే. డబ్బున్నవాడిలా ఫోజు కొట్టి లవ్లీ వెంట పడతాడు. నాన్న దృష్టిలో ఎందుకూ పనికిరాడు. అన్న చక్రిని కొట్టి మంచాన పడేశాక గానీ మనిషి కాడు. పక్కనే ఉన్న జాను అప్పటికి గానీ కనిపించదు.

తేడా అల్లా చివర్లోనే ఉంది. పల్నాట్లో ఆట ముందు, యుద్ధం తర్వాత. కోడిపందెంలో ఓడి మాచెర్ల మలిదేవుడి వాళ్ళు ఏడేళ్ళు వలస పోయారు. ఆఖరికి గురజాల నలగామరాజుతో, అంటే సవతి అన్నతోనే, కారంపూడిలో యుద్ధం. బాలచంద్రుడు ఇంటికి రాలేదు.

‘తమ్ముడు’లో పగ ముందు, ఆట తర్వాత. అన్నని కొట్టినవాణ్ణి సుబ్బు రింగులోనే ఎదుర్కొంటాడు. గంట మోగితే ఆగాలి. ఓడినవాడూ బతికి ఇంటికెళ్తాడు. అదే ఏడాది జనవరిలోనే ‘సమరసింహారెడ్డి’ వచ్చి ఆడిందని గుర్తు చేసుకుంటే ఇది చిన్న విషయం కాదు. ఆ తర్వాత కొన్నేళ్ళు తెరమీద వేటకొడవళ్ళ జాతరే కదా. “మనోణ్ణి కొడితే ఊరుకుంటామా?” అన్న మాట నరసరావుపేట వైపు వినని ఊరుండదు. ఊరుకోకుండానే ఇంకో దారి ఉందని చెప్పిన సినిమా ఇది.

ఒక్క లోటు మాత్రం ఉంది. ఎనిమిది వందల ఏళ్ళ క్రితం మాంచాల చేసిన పనే జాను కూడా చేసింది. నమ్మింది, పంపింది. ఆమెకంటూ ఒక ఆట ఏదీ? తెలుగు సినిమా ఆ బాకీ ఇంకా తీర్చాల్సే ఉంది.

అయినా టీవీలో వస్తే ఛానెల్ మార్చను. ఇంట్లో ఓ సుబ్బు ఉన్నవాళ్ళు మీరూ మార్చకండి, వాణ్ణీ పక్కన కూర్చోబెట్టుకోండి.