కేదారం దారిలో మీ పక్కవారిని గమనించండి

కేదారనాథ్ వెళ్లివచ్చినవారు చలి గురించి, గుర్రాల తొక్కిడి గురించి కథలు కథలుగా చెబుతారు. గాలి గురించి చెప్పేవారు తక్కువ.

గౌరీకుండ్ సుమారు 6,500 అడుగుల ఎత్తున ఉంది. కేదారం 11,750 అడుగులు. 2013 వరదల్లో రాంబాడా కొట్టుకుపోయాక మందాకిని అవతలి ఒడ్డున కొత్త దారి వేశారు. అది పాతదాని కంటే పొడవు, సుమారు 16 కిలోమీటర్లు. పొద్దున బయల్దేరి సాయంత్రానికి గుడి చేరేవారు ఒక్కరోజులో 5,000 అడుగులు ఎక్కుతారన్నమాట. పైన గాలి ఒత్తిడి మన బెజవాడలో ఉండేదానిలో మూడింట రెండు వంతులే!

తలనొప్పి, వికారం, నిద్ర పట్టకపోవడం మొదటి సూచనలు. ప్రయాణ బడలికని కొట్టిపారేయకండి. ప్రాణవాయువు చాలకపోతే మెదడు మొదట పోగొట్టుకునేది విచక్షణను. అందుకే జబ్బు పడ్డ సంగతి ఆ మనిషికే తెలియదు.

మాతో వచ్చిన పెద్దాయన ఒకరు లించోలీ దగ్గర బూటు తాడు ముడివేయలేక తంటాలు పడ్డారు. "ఏమండీ, ఒంట్లో బాగుందా?" అంటే భార్యను కసురుకున్నారు. "నాకేం! గుడి ఇదిగో, వచ్చేసింది!" ఆవిడ వాదించలేదు. డోలీ మాట్లాడి వెనక్కి తిప్పించారు. భీంబలీ చేరేసరికి ఆయన మామూలు మనిషయ్యారు. దర్శనం పోయిందని రెండు రోజులు అలిగారనుకోండి, అది వేరే విషయం.

మీకు అనుమానం వస్తే, మడమకు బొటనవేలు ఆనిస్తూ పది అడుగులు తిన్నగా నడవమనండి. తూలినా, మాట తడబడినా, కూర్చున్నా ఆయాసం తగ్గకపోయినా వెంటనే కిందికి దించాలి. ఆక్సిజన్ డబ్బా దిగేలోపు ఊతమే కాని వైద్యం కాదు.

దర్శనమయ్యేదాకా పచ్చి గంగ ముట్టనని మొక్కుకోకండి. అటుకులు, బెల్లం, వేరుశెనగ ఉండలు దగ్గరుంచుకుని గంటగంటకూ కాస్త తినండి, నీళ్లు తాగండి. బి.పి., షుగరు మాత్రలు మానవద్దు. నిద్రమాత్రలు, మద్యం పనికిరావు. గుండెజబ్బు ఉన్నవారు డాక్టరు సరేనంటేనే టిక్కెట్టు కొనాలి. వీలైతే లించోలీలో ఒక రాత్రి ఆగి మర్నాడు మిగతా దారి ఎక్కండి.

హెలికాప్టరులో వెళ్లేవారు తమకీ బాధ లేదనుకుంటారు. నిజానికి శరీరానికి అలవాటుపడే వ్యవధి బొత్తిగా దొరకనిది వారికే. దిగగానే గుడివైపు పరుగెత్తక కాసేపు కూర్చోండి. దర్శనం కాగానే, రాత్రి పైన ఉండకుండా దిగివచ్చేయండి.