43, 48, 53

వానాకాలం వచ్చిందంటే దుమ్ముగూడెంలో చిన్నపిల్లలకు కూడా మూడు సంఖ్యలు నోటికొస్తాయి. భద్రాచలం దగ్గర గోదారి 43 అడుగులకు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక, 48కి రెండోది, 53కి మూడోది. పర్ణశాలలోకి నీళ్లెప్పుడొస్తాయో, చర్ల రోడ్డు ఎప్పుడు మునుగుతుందో పెద్దాళ్లు ఈ లెక్కలోనే మాట్లాడుకుంటారు. 1986లో 75.6 అడుగులొచ్చిన ఏడు గుర్తున్నవాళ్లు ఇంకా ఉన్నారు.

అదే పిల్లల్ని ఆరో తరగతి లెక్కల్లోంచి ‘సంయుక్త సంఖ్య అంటే ఏంటమ్మా?’ అని అడగండి. ఒకటీ, తనూ కాకుండా ఇంకో కారణాంకం ఉన్నదని గడగడా అప్పజెబుతారు. మంచిదే. ‘మరి 91?’ అనండి. చాలామంది ప్రధాన సంఖ్య అనేస్తారు. బేసి సంఖ్య, చివర 5 లేదు, అంకెలు కూడితే 10 కాబట్టి 3తో పోదు. ఎక్కాలు పదింతలతో ఆపేస్తాం కదా, ఏడు పదమూళ్లు తొంభై ఒకటని ఎట్లా తడుతుంది?

నన్నడిగితే నిర్వచనం తర్వాత, ముందు గోదారి సంఖ్యలు పలక మీద రాయించాలి. 48ని పట్టడం ఎంతసేపు? సరి సంఖ్య, అంతే, దొరికిపోయింది. ఒక్క కారణాంకం చూపిస్తే చాలు, సంయుక్తమని తేలినట్టే. కానీ 43 ప్రధానమనాలంటే ఊరికే అనలేం, అనుమానం ఉన్న ప్రతి సంఖ్యతోనూ భాగించి చూడాలి. భయపడకండి, 2, 3, 5 చూస్తే సరి. ఏడేళ్లు 49, అది 43 దాటిపోయింది. 7గానీ అంతకంటే పెద్దదిగానీ భాగించేదుంటే దాని జోడీ 7 కన్నా చిన్నదై ఉండాలి, అది ఈపాటికే బయటపడేది. 53కి మాత్రం 7 కూడా చూడాలి. 100 లోపు ఏ సంఖ్యకైనా 2, 3, 5, 7 అనే నలుగురు కాపలాదార్లు చాలు.

పెద్ద సంఖ్యలు మాత్రం బాగా సతాయిస్తాయి. 2021 సంవత్సరాన్నే తీసుకోండి. 45ను 45తో హెచ్చిస్తే 2025, కాబట్టి 43 దాకా వెళ్లాలి. 2 నుంచి 41 దాకా ఏదీ పోదు. విసుగొచ్చి వదిలేద్దామనుకునే చోట, ఆఖరున 43 పెట్టి చూస్తే 43×47. మన మొదటి హెచ్చరికే!

48 కూడా తక్కువదేం కాదు. దానికి పది కారణాంకాలు, అంతకన్నా చిన్న సంఖ్యల్లో దేనికీ అన్ని లేవు. ఇట్లాంటి సంఖ్యల మీదే శ్రీనివాస రామానుజన్ 1915లో పెద్ద వ్యాసం రాశాడు. ఆయన్ని చూడ్డానికి గణితవేత్త హార్డీ ఎక్కొచ్చిన టాక్సీ నంబరు 1729 కూడా 91కి చుట్టమే: 91×19.

మీ ఇంట్లో ఆరో తరగతి పిల్ల ఉంటే 2027 ఇచ్చి చూడండి. జవాబు కన్నా ముందు, ఏ సంఖ్యతో భాగించి ఆపావని అడగండి.