అయిదు రోజుల మాత్రలు

మొన్న అర్ధరాత్రి రిలీజు పనిలో ఉండగా పిల్లికూతలు మొదలయ్యాయి. నీలం ఇన్‌హేలర్ ఎన్నిసార్లు పీల్చినా తగ్గలేదు. డాక్టరు గారు ప్రెడ్నిసొలోన్ రోజుకి 40 మి.గ్రా., 5 రోజులు రాశారు. "స్టెరాయిడ్లా! వద్దు నాన్నా" అంది అమ్మ. రెండో రోజుకే హాయిగా అనిపించి మానేశా. నాలుగో రోజు ఎమర్జెన్సీలో తేలాను.

నీలం ఇన్‌హేలర్ ఊపిరిగొట్టాలని కాసేపు తెరుస్తుందంతే. లోపలి వాపు తగ్గించేది ఈ మాత్రే, దానికీ కొన్ని గంటలు పడుతుంది. పిల్లలకైతే బరువుని బట్టి, సాధారణంగా 3 నుంచి 5 రోజులు. నిద్ర పట్టదు, ఆకలెక్కువ, నిజమే. మాటిమాటికీ వాడితే ఎముకలకి చేటు. ఆ అవసరం తగ్గాలంటే రోజూ పీల్చే స్టెరాయిడ్ ఇన్‌హేలర్ మానకూడదు. ఆర్నెల్ల కిందట నేను మానేసింది అదేనండీ!

ఇదంతా విని అమ్మ ఒక్కటే అడిగింది: "ఇవాళ్టి మాత్ర వేసుకున్నావా?"