విశ్వాసి ధర్నాకు వెళ్ళవచ్చునా?



పైనున్న ప్రశ్న నేను కల్పించినది కాదు. పల్లెల్లో పరిచర్య చేసే ఏ కాపరికైనా ఏదో ఒక రోజున ఇది ఎదురవుతుంది. బోరు చెడిపోయి నెలరోజులైతే బిందెలు తీసుకొని రోడ్డు మీద కూర్చోవచ్చునా? మన సమాధుల స్థలాన్ని ఎవరో దున్నుకొంటూ ఉంటే తహశీల్దారు కార్యాలయం ఎదుట నిలబడవచ్చునా? బడి పక్కన బెల్టు షాపు పెడితే అడ్డుకోవచ్చునా? ఇలాంటి మాట రాగానే సంఘ పెద్దలలో ఒకరు రోమా పత్రిక 13వ అధ్యాయం తీస్తారు. "పై అధికారులకు లోబడమని పౌలు భక్తుడు వ్రాశాడు గదా, అయ్యగారూ. మనం మోకాళ్ళ మీద ఉండవలసిన వాళ్ళం గాని రోడ్ల మీద ఉండవలసిన వాళ్ళమా?" అంటారు.

ఆ మాటను నేను తేలికగా తీసివేయను. ఇరవై ముప్పై ఇళ్ళ సంఘం మనది. రేపు కుల ధ్రువపత్రం కావాలన్నా, పింఛను కావాలన్నా, పిల్లవాడికి స్కాలర్‌షిప్పు కావాలన్నా ఆ కార్యాలయానికే వెళ్ళాలి. ఒక కుర్రవాడి మీద పోలీసు కేసు పడితే వాడి ఉద్యోగం సంగతేమిటి? పెద్దలు ఆ అధ్యాయాన్ని చూపేటప్పుడు దానిలో భక్తి ఎంత ఉందో భయం కూడా అంత ఉంది. ఆ భయానికి కారణాలున్నాయి. కాని భయాన్ని భయమనే పిలుద్దాం, దానికి వాక్యం ముసుగు వేయవద్దు.

ఎందుకంటే ఆ అధ్యాయం వ్రాసిన పౌలే, దానిని వ్రాయకముందు, ఫిలిప్పీలో ఏమి చేశాడో అపొస్తలుల కార్యములు 16వ అధ్యాయంలో ఉంది. విచారణ లేకుండా బెత్తాలతో కొట్టించి చెరసాలలో వేశారు. తెల్లవారగానే న్యాయాధిపతులు గుట్టుగా వెళ్ళిపొమ్మని కబురు పంపారు. మనమైతే దేవునికి స్తోత్రం చెప్పి ఊరు దాటేవాళ్ళం. పౌలు కదలలేదు. మేము రోమా పౌరులం, బహిరంగంగా కొట్టించినవారు తామే వచ్చి మమ్మును బయటికి తీసుకొని పోవాలని పట్టుపట్టాడు. వాళ్ళు వచ్చారు, బతిమాలుకొన్నారు. ఆ తర్వాత కైసరయలో న్యాయం జరగదని తెలిసినప్పుడు కైసరు ఎదుటనే చెప్పుకుంటానన్నాడు. లోబడడమంటే నోరు మూసుకోవడమని ఆయన అనుకోలేదు. పౌరసత్వం ఇచ్చిన హక్కును వాడుకున్నాడు. మనకు 1950 జనవరి 26 నుండి అమలులో ఉన్న రాజ్యాంగం 19వ అధికరణంలో ఆయుధాలు లేకుండా, శాంతంగా గుమిగూడే హక్కు ఇచ్చింది. ఈ దేశంలో కలెక్టరు పైన, మంత్రి పైన ఉన్న పై అధికారం ఆ పుస్తకమే. దానికి లోబడి అడిగేవాడు తిరుగుబాటుదారుడు ఎలా అవుతాడు?

ఇంకొక సంగతి. సంఖ్యాకాండం 27వ అధ్యాయాన్ని మనం సాధారణంగా పేర్ల జాబితా అనుకొని దాటిపోతాం. నేను డిప్లొమా చదివే రోజుల్లో కూడా దాని మీద ఎవరూ ప్రసంగించగా వినలేదు. సెలోపెహాదు కుమార్తెలు అయిదుగురు, తండ్రి చనిపోయాడు, అన్నదమ్ములు లేరు. వాళ్ళు గుడారంలో కూర్చొని గొణుక్కోలేదు. మోషే ఎదుట, యాజకుడైన ఎలియాజరు ఎదుట, సర్వసమాజం ఎదుట నిలబడి, మా తండ్రి స్వాస్థ్యం మాకెందుకు లేదని అడిగారు. మా తండ్రి కోరహు గుంపులో చేరినవాడు కాడని కూడా ముందే చెప్పుకున్నారు. చూడండి ఎంత తెలివిగల మాటో! కోరహు అడిగింది పెత్తనం, వీళ్ళు అడిగింది వాటా. సణిగిన తరానికి దేవుడు అరణ్యంలో ఏమి చేశాడో మనకు తెలుసు, ఈ అయిదుగురు అడిగినది మాత్రం న్యాయమేనని చెప్పి చట్టమే మార్పించాడు.

ఇక మన తెలుగు నేల మీద జరిగినదానికి వస్తాను. నేను నెల్లూరు జిల్లా మెట్ట ప్రాంతంలో పుట్టినవాణ్ణి. సారా వేలం పాటలు చూడని ఇప్పటి యువకులకు కొంచెం వివరంగా చెప్పాలి. ఆ రోజుల్లో ఏటేటా ప్రభుత్వమే సారా అమ్మే హక్కును వేలం వేసేది. పాట పాడుకున్న కాంట్రాక్టరు ఊరూరా కొట్టు పెట్టేవాడు. మా ఊళ్ళో సారా పాకెట్లు సైకిలు మీద పొలం గట్టు దాకా వచ్చేవి, అప్పుకు కూడా ఇచ్చేవారు. మా నాన్న కూలి డబ్బులో సగం ఇల్లు చేరకముందే దిగిపోయేది. మా అమ్మ బియ్యం డబ్బును ఎక్కడ దాచినా ఆయనకు తెలిసిపోయేది.

అదే కాలంలో అదే ప్రభుత్వం అక్షర దీపం పేరుతో రాత్రి బడులు పెట్టింది. మా అమ్మ పలక పట్టుకొని లాంతరు ముందు కూర్చోవడం నాకు బాగా గుర్తుంది. ఒక చేత్తో పలక ఇచ్చి ఇంకో చేత్తో పాకెట్టు అమ్మే దొరతనం అది! చదువు కోసం రాత్రిపూట ఒకచోట చేరిన ఆడవాళ్ళు ఇళ్ళలోని కష్టం చెప్పుకోక ఏం చేస్తారు? కలిగిరి మండలం దూబగుంటలో స్త్రీలు ఊళ్ళో సారా అమ్మకుండా చేశారు. వాళ్ళలో వర్ధినేని రోశమ్మను దూబగుంట రోశమ్మ అని రాష్ట్రమంతా పిలిచింది, ఆమె 2016లో కన్నుమూసింది. ఆ ఊరి సంగతి "ఆడవాళ్ళు ఏకమైతే" అనే పాఠమై వయోజన విద్య వాచకంలోకి ఎక్కింది. అక్షరాలు కూడబలుక్కొని ఆ పాఠం చదివిన ఆడవాళ్ళు తమ ఊళ్ళోని కొట్టు వైపు చూశారు. 1992లో నెల్లూరులో వేలం పాటలు పదేపదే వాయిదా పడ్డాయి. వందల మంది స్త్రీలు వచ్చి దారికి అడ్డంగా కూర్చుంటే పాట ఎక్కడ పాడతారు?

మా అమ్మ కూడా వెళ్ళింది. ట్రాక్టరులో వెళ్ళారు. సద్ది మూట, పక్కింటి వారి చంటిబిడ్డ, చేతిలో చీపురు. ఆ ట్రాక్టరులో మా పాలెం వాళ్ళే కాదు, పెద్ద వీధి ఆడవాళ్ళు కూడా ఉన్నారట. ఒకే తొట్టిలో అన్ని కులాల ఆడవాళ్ళు కూర్చోవడం అదే మొదటిసారి అని అమ్మ ఇప్పటికీ చెబుతుంది. ఆ రాత్రి మా నాన్న ఆమె మీద చెయ్యి ఎత్తాడు. ఆమె మరుసటి రోజు మళ్ళీ వెళ్ళింది.

అంతా మెచ్చుకోదగినదేమీ కాదు. కొన్ని చోట్ల తాగినవారికి గుండు గీయించి గాడిద మీద ఊరేగించారు. అది నాకు అప్పుడూ నచ్చలేదు, ఇప్పుడూ నచ్చదు. తాగేవాడు కూడా ఒక ఇంటి తండ్రే, వాడి బిడ్డలు ఆ వీధిలోనే ఆ ఊరేగింపు చూస్తారు. బంద్‌ల పేరుతో బస్సుల అద్దాలు పగులగొట్టడం కూడా ఇలాంటిదే. ఆ రోజు నష్టపోయేది కూలివాడు, ఆస్పత్రికి వెళ్ళవలసిన నిండు గర్భిణి. మంత్రిగారి కారుకు ఏమీ కాదు.

1993 ఏప్రిల్ 15 నుండి నెల్లూరు జిల్లాలోను, ఆ యేటి అక్టోబరు 1 నుండి రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. 1994 డిసెంబరులో ఎన్నికలు గెలిచిన ఎన్.టి.రామారావు గారి ప్రభుత్వం 1995 జనవరి 16 నుండి సంపూర్ణ మద్యనిషేధం అమలు చేసింది. 1997లో అది సడలిపోయింది. ఖజానాకు రాబడి పోయిందన్నారు, పొరుగు రాష్ట్రాల నుండి దొంగసరుకు వస్తోందన్నారు. రెండూ నిజమే. కాని నేను ఇంకొకటి కూడా కలుపుతాను. కొట్లు మూతపడిన తర్వాత ఆడవాళ్ళు ఇంటి పనుల్లోకి వెళ్ళిపోయారు, వాళ్ళ తరపున కాపలా కాసేవాడు లేకపోయాడు. సంఘాలమైనా ఆ పని చేశామా? నా ఎరుకలో చాలా తక్కువ.

మా నాన్న ఆ నాలుగైదు సంవత్సరాలు బాగానే ఉన్నాడు. పూర్తిగా మానలేదు గాని ఇంటికి నడిచి వచ్చేవాడు. మా చెల్లెలు బడికి వెళ్ళింది ఆ డబ్బుతోనే. మళ్ళీ దుకాణాలు తెరిచాక మళ్ళీ మొదలుపెట్టాడు. 2001లో కాలేయం చెడి చనిపోయాడు. చట్టాలతో మనుషులు మారరు అని ఎవరైనా నాతో అంటే వాదించను. మా ఇంట్లో ఆ నాలుగైదు సంవత్సరాలు ఎలా గడిచాయో చెబుతాను, అంతే.

పార్టీల సంగతి కూడా ఒక మాట చెప్పాలి. ప్రసంగపీఠం మీద ఏ జెండా ఉండకూడదు, ఏ నాయకుడు వచ్చినా సంఘం ముందు వరుసలో కుర్చీ వేయనక్కరలేదు. ఓటు ఎవరికి వేయాలో కాపరి చెప్పకూడదు. కాని మందిరం గేటు దగ్గర చెప్పులు విడిచినట్టు పౌరసత్వాన్ని విడిచి లోపలికి రమ్మని ఎవరూ మనతో చెప్పలేదు.

కనుక వెళ్ళదలచినవారికి కొన్ని సూచనలు. మొదట అర్జీ వ్రాయండి. ధర్నా దాని తర్వాతే. కోపం వ్రాయకండి, తేదీలు వ్రాయండి: బోరు ఏ రోజున చెడింది, ఎవరితో ఎన్నిసార్లు చెప్పారు. మనం ఇప్పటికీ 144 సెక్షన్ అంటున్నాం గాని, 2024 జూలై 1 నుండి కొత్త చట్టంలో అది 163వ సెక్షన్. ఆ ఉత్తర్వు అమలులో ఉందేమో ముందే తెలుసుకోండి, పోలీసు స్టేషనులో తెలియజేసి వెళ్ళండి. ఇతర మతాల పొరుగువారిని పిలవండి, నీళ్ళు వాళ్ళకూ కావాలి గదా. తాగి వచ్చినవాణ్ణి వెనక్కి పంపండి. బయలుదేరేముందు ప్రార్థన చేయండి, ఆ తహశీల్దారు కోసం కూడా. అర్జీలు తీసుకొనే రోజు సాధారణంగా సోమవారం. ఇచ్చిన తర్వాత రసీదు అడగండి, ఇవ్వకపోతే ఇచ్చేదాకా అక్కడే నిలబడండి, ఆ నంబరును సంఘ మినిట్సు పుస్తకంలో వ్రాసిపెట్టండి.