కెమెరా పట్టిన చేయి

సినిమా చూసి వచ్చిన వారిని నాయకుడెవరని అడిగితే తడుముకోకుండా చెబుతారు. పాటలు రాసినదెవరో చెప్పగలవారూ వున్నారు. బొమ్మ తీసినదెవరని అడిగితే మాత్రం ఒకరి ముఖం ఒకరు చూసుకుంటారు. అందుకే మన బెంగుళూరులోనే కాపురమున్న ఒక ఛాయాగ్రాహకుని గురించి యీ నెల నాలుగు మాటలు చెప్పుకుందామనిపించింది.

ఆయన నవరోజ్ కాంట్రాక్టర్. పారసీవారు. బరోడాలో చిత్రకళ, పుణే ఫిల్ము యిన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం నేర్చారు. మణి కౌల్ ‘దువిధా’ (1973)కు కెమెరా వారిదే. రాజస్థాను తెల్లగోడల ముందు ఎర్రని మేలిముసుగు వేసుకున్న ఆ పెళ్లికూతురు చూసినవారికి గుర్తుండిపోతుంది. అంత పేరు వచ్చాక పెద్ద చిత్రాల వెంటే పోయివుండవచ్చును. ఆయన అలా పోలేదు. 1980లో దీపా ధన్‌రాజ్, అభా భయ్యా, మీరా రావులతో కలిసి ‘యుగాంతర్’ స్థాపించారు. దీపగారు వారి సతీమణి. పుణేలో యిళ్లలో పాచిపని చేసే స్త్రీలను గురించి ‘మోల్కరీణ్’ (1981), మన కర్ణాటకలోని నిప్పాణి పొగాకు కూలీలను గురించి ‘తంబాకు చాకిలా ఓబ్ ఆలీ’ (1982) తీశారు.

కథాచిత్రంలో నటి వచ్చి కెమెరా ముందు నిలుస్తుంది. బాగా రాకపోతే మరోసారి చేయమనవచ్చు. పొగాకు దుమ్ములో పనిచేసే మనిషిని అలా అడగడానికి వీల్లేదు. ఆమె చేయి యిప్పుడెటు కదులుతుందో కెమెరా పట్టినవారే ముందుగా కనిపెట్టుకోవాలి. అడ్డు రాకూడదు, మరీ దూరం పోకూడదు. అన్నిటికన్నా ముందు, తన దగ్గర నిలబడడానికి ఆమె ఒప్పుకోవాలి. ఆ ఒప్పుకోలు ఏ కటకమూ తెచ్చి పెట్టదు.

1983లో హైదరాబాదు స్త్రీశక్తి సంఘటనతో కలిసి వీరు తెలుగులోనే ‘ఇది కథ మాత్రమేనా’ తీశారు. నలుగురిలో చెప్పుకోలేని బాధతో నాలుగు గోడల మధ్య నలిగిపోయే ఒక యిల్లాలి కథ అది. అరగంటకు మించదు. యింటిల్లిపాదిమీ కూర్చుని చూశాం. అయిపోయాక ఎవరమూ పలకలేదు. కాసేపటికి మా పెద్దమ్మ, “యీ పిల్లను నేనెరుగుదునే. మన పక్క వాటాలోనే వుండేది” అన్నది. తెర మీది మనిషిని గురించి కాదు ఆ మాట. ఏనాడో మా పక్కన కాపురమున్న ఒకామె గురించి, నలభై ఏళ్లుగా నోరు విప్పని సంగతులు ఆ రాత్రి మాకు చెప్పింది.

1984 హైదరాబాదు అల్లర్ల మీద దీపగారు తీసిన ‘క్యా హువా ఇస్ షహర్ కో?’ (1986)కు, కుటుంబ నియంత్రణ కార్యక్రమం మీది ‘సమ్‌థింగ్ లైక్ ఎ వార్’ (1991)కు కూడా కెమెరా ఆయనే పట్టారు. స్వయంగా తీసిన ‘ఝాడూ కథ’ చీపురు గురించి. చీపురు మీద సినిమా ఏమిటని నవ్వేవారుంటారు. దాన్ని కట్టే చేతులనూ, దానితో వూడ్చే చేతులనూ మనమెన్నడైనా తేరిపార చూశామా?

2023 జూన్ 18న హోసూరు దగ్గర జరిగిన రోడ్డు ప్రమాదంలో, ఎంతో యిష్టపడే మోటారు సైకిలు మీద వెళ్తూనే ఆయన కన్నుమూశారు.

మన యిళ్లలో పెళ్లి ఫోటోలు బీరువాల నిండా వున్నాయి. అన్నిటిలోనూ పట్టుచీరలే. విస్తరి కుట్టే నాయనమ్మ, తిరగలి విసిరే మేనత్త ఎందులోనూ లేరు. యిప్పుడు ప్రతివారి జేబులోనూ కెమెరా వున్నది. యీ సెలవుల్లో పెద్దవారిని కుర్చీలో కూర్చోబెట్టి నవ్వమనకండి. వారి పని వారిని చేసుకోనిచ్చి, పక్కన కూర్చుని, అడిగి, తీయండి. వారి మాట కూడా అందులో పట్టుకోండి. మేము పెద్దమ్మతో మొదలుపెట్టాం.